బల్లగుడ్డ మీద బూట్లు

“నా సూపు పళ్ళెం తియ్యడానికి నీకు చేతులెలా వచ్చాయిరా?” రూజెనా కొడుకు మీద విరుచుకుపడింది. “నీలం అంచుది. పెళ్ళినాటి నుంచి అందులోనే తాగుతున్నా.”

“అది కదిపితే పదకొండు రోజుల పని పోతుందమ్మా,” అన్నాడు బోహుమీర్.

“అయితే గిన్నెలో పొయ్యి. కుక్కకి పోసినట్టు.”

కోడలు వ్లాస్తా గిన్నె తెచ్చి సూపు పోసింది. ప్రాగ్‌లో ఆ రెండు గదుల ఇంట్లో భోజనాల బల్ల మీద ఇప్పుడు సినిమా తయారవుతోంది. తెల్లటి బల్లగుడ్డ మంచు. నల్ల సిరా కలిపిన నీళ్ళతో నిండిన పళ్ళెం, మంచులో బొక్క. దాని వైపు తిరిగి వాళ్ళ ఆరేళ్ళ కూతురు యిత్కా బూట్లు. బోహుమీర్ వాటిని వెంట్రుకవాసి జరిపి కెమెరా మీట ఒకసారి నొక్కుతాడు, మళ్ళీ జరుపుతాడు. తెర మీద అవి వాటంతటవే నడుస్తాయి. చివరికి పళ్ళెంలో దిగుతాయి, పోయిన జనవరిలో గడ్డకట్టిన నది మీద మంచు విరిగి యిత్కా మునిగిపోయినట్టే.

పొద్దున అతను స్టూడియోకి వెళ్ళగానే వ్లాస్తా బూట్లను వెనక్కి జరిపేది. ముందురోజు సాయంత్రం ఎంత నడిచాయో అందులో సగం. ఫిల్ములో పడతాయని అతను గుర్తు గీతలు గీసేవాడు కాదు. పని సాగడం లేదని మాత్రం విసుక్కునేవాడు.

శనివారం కడిగిన ఫిల్ము వచ్చింది. కిటికీ తెరలు దించి గోడ మీద వేశాడు. బూట్లు నాలుగడుగులు నడిచి, ఎవరో వెనకనుంచి పిలిచినట్టు ఉలిక్కిపడి వెనక్కి వచ్చాయి. మళ్ళీ నడిచాయి. మళ్ళీ వచ్చాయి.

బోహుమీర్ రెండుసార్లు చూసి యంత్రం ఆపాడు. “నువ్వేనా?”

“నేనే. దాన్ని రోజూ ఎందుకు ముంచుతావు?”

“ఆ రోజు నేను లేనుగా, వ్లాస్తా. నువ్వు చూశావు. నేను చూళ్ళేదు.”

వ్లాస్తా వెళ్ళి కిటికీ తెరలు ఎత్తింది. ఆ పూట గట్టున నిలబడి ఏం చూసిందో ఇంతవరకూ అతనికి చెప్పలేదు, అతను అడగనూ లేదు.

ఆదివారం మధ్యాహ్నం, బల్ల ఖాళీ లేక, ముగ్గురూ ఒళ్ళో పళ్ళేలు పెట్టుకుని కూర్చున్నారు. రూజెనా గిన్నెలోనే సూపు తాగింది. పిండి ముద్దలు వడ్డించి వ్లాస్తా గరిటె కింద పెట్టింది.

“రేపట్నుంచి వెనక్కి జరపను. చివరి అడుగు మాత్రం నేనే వేయిస్తా,” అంది. “నువ్వు కుడికాలు ముందు పెట్టావు. ఆ రోజు అది పెట్టింది ఎడమకాలు.”