ఉజుమరు లోపల ఎవరూ లేరు

హిబినో వారి కంపెనీలో ఒక ప్రశ్న ఎవరూ అడగకూడదు. ఉజుమరు లోపల ఎవరున్నారని.

ఉజుమరు అంటే కంజుపిట్ట పిల్ల. బంతిలాంటి ఒళ్లు, చిట్టి ముక్కు, ఎప్పుడూ ఆశ్చర్యపోతున్నట్టుండే కళ్లు. ఆ బొమ్మను కీచైన్ల మీద, టిఫిన్ డబ్బాల మీద, పిల్లల చెప్పుల మీద వేసి అమ్మి ఒసాకాలో ఐదంతస్తుల మేడ కట్టారు. మనిషెత్తు ఉజుమరు ఒకటి రోజూ ఆఫీసంతా తిరుగుతుంది. మీటింగుల్లో కుర్చీ వేసుకుని కూర్చుంటుంది, పిల్లలొస్తే రెక్కలూపుతుంది. మాట్లాడదు. లోపల ఎవరూ లేరు, ఉజుమరు ఉజుమరే అన్నది కంపెనీ పెట్టిన పెద్దాయన చేసిన కట్టుబాటు. నోరుజారి అడిగినవాడు పిట్ట ముందు నడుం వంచి క్షమాపణ చెప్పుకోవాలి. కొత్తగా చేరినవాళ్లు మొదట కిసుక్కున నవ్వుతారు. రెండేళ్లు గడిచేసరికి వాళ్లూ లిఫ్టు దగ్గర పిట్టకు దారిస్తారు.

ఇనుజుకా అక్కడే తల నెరిసినవాడు. కుర్రతనంలో కీచైన్ల పెట్టె భుజానేసుకుని స్టేషన్ల దగ్గర దుకాణాలన్నీ తిరిగాడు. చెప్పులరిగాక మేనేజరయ్యాడు, జుట్టు ఊడాక డైరెక్టరయ్యాడు. ఇప్పుడు ఆ పెద్దాయన భార్య, చైర్మన్ తోకి అమ్మగారి తర్వాత అంతటివాడు. ఆపైన మిగిలింది ఒక్కటే, ప్రెసిడెంటు కుర్చీ. అమ్మగారి కొడుకు పోయిన దగ్గర్నుంచి అది ఖాళీగానే ఉంది. అక్టోబరులో ఉజుమరు పుట్టినరోజు నాటికి ఎవరినో ఒకరిని అందులో కూర్చోబెడతానని ఆవిడ వసంతంలోనే అనేశారు. అయితే ఇనుజుకా, కాకపోతే టోక్యోలో బ్యాంకు ఉద్యోగం వదులుకుని వచ్చిన మనవడు సోఇచి. ఇనుజుకాకు ఉన్న లోటల్లా ఒకటే, హిబినో వారి రక్తం లేకపోవడం. కుటుంబం నడిపే కంపెనీలో అదేమీ చిన్న లోటు కాదు.

అనుమానం జూన్‌లో మొదలైంది. అమ్మగారు బార్లీ టీ తాగుతూ, ఏమీ ఎరగనట్టు అన్నారు.

"ఏం ఇనుజుకా గారూ, మా సోఇచి చేయించిన కొత్త బొమ్మ పీచు దిండులా ఉందటగా?"

ఇనుజుకా టీ గ్లాసు కింద పెట్టేశాడు. పీచు దిండు అన్నది తనే, అచ్చంగా ఆ రెండు మాటలే. అన్నది మేడ మీద, సిగరెట్లు కాల్చుకునే చోట, నిషిగాకీతో. నిషిగాకీ సరుకు నాణ్యత చూసే మనిషి, ఇనుజుకాతో ఒకే రోజున కంపెనీలో చేరినవాడు. నలుగురిలో 'గారూ' అనుకున్నా మేడ మీద మాత్రం ఇద్దరూ 'ఏరా' అంటే 'ఏరా' అనుకుంటారు. ఇనుజుకా ఆ రోజును మళ్లీ మళ్లీ తలచుకున్నాడు. అక్కడున్నది తను, నిషిగాకీ. పక్క బెంచీ మీద గాలికి కూర్చున్న ఉజుమరు. మూడో మనిషి లేడు.

ఇక చూడాలి ఆయన అవస్థ! నిషిగాకీ లిఫ్టులో సోఇచితో నవ్వుతూ కనిపిస్తే ఆ లిఫ్టు ఎక్కకుండా మెట్లు పట్టాడు. నిషిగాకీ కొత్త గొడుగు కొంటే, ఎవరిచ్చారో అనిపించింది. అమ్మగారింటి నుంచి నిషిగాకీ ఇంటికి పుచ్చకాయ వెళ్లిందని తెలిసిన రాత్రి అన్నం సయించలేదు.

"నిషిగాకీ గారి అత్తగారికి ఒంట్లో బాగాలేదుగా, అందుకు పంపి ఉంటారు" అంది భార్య.

"నీకు తెలీదు, ఊరుకో."

"పుచ్చకాయ గురించి నాకు తెలీకపోతే ఇంకెవరికి తెలుస్తుందండీ?"

సరే, తేల్చుకుందామనుకున్నాడు ఇనుజుకా. జూలైలో ఒక మధ్యాహ్నం మేడెక్కి, మూల ఉన్న చిన్న గుడికి చేతులు జోడించి, సిగరెట్ వెలిగించాడు. ఉజుమరు ఎప్పటిలాగే బెంచీ మీద కాళ్లు చాపుకుని కూర్చుంది. వెళ్తూ వెళ్తూ అలవాటుగా దాని తల నిమిరి, నిషిగాకీ పక్కన చేరాడు.

"నాగోయాలో ఒక కంపెనీ వాళ్లు రమ్మంటున్నార్రా. వెళ్లిపోదామనుకుంటున్నా." పచ్చి అబద్ధం.

నిషిగాకీ చేతిలో సిగరెట్ కాలి వేళ్లకు తగిలింది.

"నువ్వెళ్లిపోతే నేనెవరితో తగలెయ్యాల్రా ఈ సిగరెట్లు?" అన్నాడు చివరికి.

ఎంత నటన, అనుకున్నాడు ఇనుజుకా.

వారం తిరక్కుండానే అమ్మగారు విసనకర్ర విప్పుతూ, "నాగోయాలో ఎండలు మనకంటే ఎక్కువటగా" అన్నారు. ఇనుజుకా వంచిన తల ఎత్తలేదు. ఇంకేం రుజువు కావాలి?

బదిలీలు చూసేది ఆయనే. నిషిగాకీని పిలిచి దేశానికి ఆ చివరనున్న కగోషిమా గోడౌనుకు వేసినట్టు చెప్పాడు. మంచంలో ఉన్న తల్లిని విడిచి నిషిగాకీ భార్య కదల్లేదని తెలుసు. తెలిసే వేశాడు.

నిషిగాకీ ఒక్క క్షణం ఆయన మొహంలోకి చూసి నడుం వంచాడు. "అలాగేనండి, డైరెక్టరు గారూ." తలుపు దగ్గర ఆగి, "పొగ తగ్గించుకో" అని వెళ్లిపోయాడు.

తప్పు చేయనివాడైతే ఎందుకని అడగడా? ఇనుజుకాకు ఆ రాత్రి హాయిగా నిద్రపట్టింది. ఒక ముప్పై ఏళ్ల స్నేహాన్ని ఊళ్లోంచి పంపేసిన మనిషికి అంత నిద్ర ఎలా పట్టిందో ఆయనకే తెలియాలి.

ఉజుమరు పుట్టినరోజు రానే వచ్చింది. పొద్దున్నే అమ్మగారు ఇనుజుకాను తన గదికి పిలిపించారు. సోఇచి కూడా అక్కడే ఉన్నాడు. వాడి కాళ్ల దగ్గర, తలా ఒళ్లూ వేరుగా, ఉజుమరు వేషం.

"కుర్చీ మీదే" అన్నారు అమ్మగారు. "అయితే మావారు పెట్టిన పద్ధతి ఒకటుంది, మా ఇంట్లో తప్ప బయట ఎవరికీ తెలీదు. ఆ కుర్చీ ఎక్కేవాళ్లు ముందు ఇందులో దూరాలి. ఆయన దూరారు, నేను దూరాను. ఏప్రిల్ నుంచి వీడు దూరుతున్నాడు."

"చెప్పానుగా నాన్నమ్మా, ఇన్ని మాటలు విన్నాక ఆ కుర్చీ నాకొద్దు" అన్నాడు సోఇచి. "నన్ను బొమ్మలు గీసే గదిలో వేసెయ్, చాలు." తర్వాత ఇనుజుకా వైపు తిరిగి తల గోక్కున్నాడు. "డైరెక్టరు గారూ, దారి ముక్కు సందులోంచి కనిపిస్తుంది. చెవులకి మాత్రం ఏ అడ్డూ లేదు. మేడ మీద మీ పొగకి చచ్చిపోయాననుకోండి. పీచు దిండన్నారు చూశారూ, నిజమే, దాన్ని మార్పించాను."

మేడ మీద బెంచీ, దాని మీద పిట్ట ఇనుజుకా కళ్ల ముందు మెదిలాయి.

"నాగోయా సంగతి విని మిమ్మల్ని వదిలేసుకుందామనుకున్నాను" అన్నారు అమ్మగారు. "కానీ మీరు కిందికి దిగాక నిషిగాకీ గారు ఈ పిట్ట పక్కన కూర్చుని, మీరు లేకపోతే ఈ కంపెనీ ఏమైపోతుందో అని కళ్లనీళ్లు పెట్టుకున్నారట. అందుకే ఆగాను. ఆయన్ని కగోషిమా ఎందుకు పంపారో నేనడగలేదు. అది మీ పని."

మధ్యాహ్నం వేడుకలో ఉజుమరు లోపల ఇనుజుకా ఉన్నాడు. చెమటకు కళ్లు మండుతున్నాయి. ముక్కు సందులోంచి పిల్లల తలలు, బెలూన్లు, కేకు. ఆ గుంపులోంచి ఒక మనిషి చేతిలో చిన్న పొట్లంతో వచ్చాడు. నిషిగాకీ. బాగా చిక్కిపోయాడు.

"కగోషిమా చిలగడదుంప మిఠాయి తెచ్చాను, ఉజుమరూ" అంటూ పొట్లం రెక్కలో పెట్టాడు. పక్కకు వంగి మెల్లగా అన్నాడు. "మా ఇనుజుకాగాడికి కుర్చీ వచ్చిందట. సంతోషం. వాడి మీద ఓ కన్నేసి ఉంచు. ఎవరినీ నమ్మడు వెధవ, ఒంటరివాడైపోతాడు. నేనేం తప్పు చేశానో మాత్రం ఎంత ఆలోచించినా తట్టట్లేదు. తెలిస్తే సరిదిద్దుకుందును."

ఇన్నేళ్లలో ఆ వేషంలోంచి ఒక్క మాట బయటికి రాలేదని ఇనుజుకాకు తెలుసు.

"నిషిగాకీ, నేన్రా" అన్నాడు. "తప్పు నాదిరా."

పక్కనున్న పాప గావుకేక పెట్టింది. "అమ్మా! ఉజుమరు మాట్లాడింది! లోపల ఎవరో ఉన్నారు!"

అందరూ ఇటు తిరిగారు. వేదిక మీద అమ్మగారి విసనకర్ర ఆగిపోయింది. నిషిగాకీ మొహంలో రంగు మారింది. గుర్తుపట్టాడు. అందులో అనుమానం లేదు.

తర్వాత అతను పాప ముందు మోకాళ్ల మీద కూర్చున్నాడు.

"లేదమ్మా, మాట్లాడింది నేనే. గొంతు మార్చి ఆటపట్టించాను, తప్పు నాదే. ఉజుమరు మాట్లాడదుగా. లోపల ఎవరూ లేరు."

లేచి నిలబడ్డాడు. పద్ధతి ప్రకారం పిట్ట ముందు నడుం వంచి, అందరికీ వినబడేలా క్షమాపణ చెప్పుకున్నాడు. మళ్లీ తలెత్తి చూడకుండా గుంపును దాటుకుని, స్టేషను వైపు తలుపులోంచి వెళ్లిపోయాడు.

ఆ బరువైన వేషంతో ఇనుజుకా రెండడుగులు వేశాడో లేదో, పిల్లలు చుట్టుముట్టి కాళ్లకు అడ్డం పడ్డారు. పాప ఇంకా అనుమానంగా ముక్కు సందులోకే చూస్తోంది. అందరూ ఎదురుచూస్తున్నారు.

ఇనుజుకా రెక్కలు రెండూ ఎత్తి ఊపాడు.