బయటికి పంపిన భార్య

మైపాడు బడిపంతులు హెబ్రోను పాశ్చాత్య తత్వశాస్త్ర చరిత్రను సామాన్యుల కోసం తెలుగులో రాస్తూ, రోజూ కుటుంబ ప్రార్థన అయ్యాక భార్య మగ్దలీనమ్మకు చదివి వినిపించేవాడు. ఆమెకు అర్థం కానిది తిరగరాసేవాడు.

గ్రీకు జ్ఞాని విషం తాగే ఘట్టంలో ఆమె ఆపింది. “ఏడస్తా ఉందని పెళ్లాన్ని బయటికి పంపించేసినారా? ఆమె ఏమైపోయింది పంతులుగారూ?”

“అది తత్వశాస్త్రం కాదు మే.”

“అట్టయితే నాకు అర్థం కాలేదని రాసుకోండి.”

ఆ ఒక్కచోటే అతను మార్చలేదు.

పంతొమ్మిది వందల అరవై రెండు వానల్లో జ్వరం వచ్చి ఆమె మంచాన పడింది. చివరి ప్రార్థనకు అతని ఏడుపు అడ్డమని సంఘ పెద్దలు హెబ్రోనును వసారాలోకి తీసుకుపోయారు. లోపల కీర్తన ముగిసేసరికి ఆమె లేదు.

కొన్నాళ్లకు అతను ఆ అధ్యాయం తెరిచి, జ్ఞాని చివరి మాటలు ఆ భార్యకు వినిపించలేదని రాశాడు. ప్రార్థన చేసుకొని, దాన్ని పైకి చదివాడు. అర్థమైందో లేదో చెప్పేవారు లేరు.