మూడో కన్నీటి చుక్క

పదకొండుంబావుకి వంటింటి బల్ల మీద ఆరు వస్తువులున్నాయి. జానెడు హార్స్‌రాడిష్ వేరు, గ్రేటర్, ఆవపొడి, వెనిగర్ సీసా, ఉప్పు, పావుకిలో పుల్లమీగడ డబ్బా. ఒంటిగంటకి క్యాంటీన్ సూపర్‌వైజరు భోజనానికి వస్తాడు. అతను వచ్చేది భోజనానికి కాదని ఘాటమ్మకి తెలుసు.

ఘాటమ్మ అన్నది క్యాంటీన్ పెట్టిన పేరు. పద్నాలుగేళ్లుగా ఆమె ఆ ఫ్యాక్టరీ క్యాంటీన్‌లో పెద్ద వంటమనిషి. బుధవారం మధ్యాహ్నం చల్లార్చిన మాంసం ముక్కల పక్కన ఆమె సాస్ ఒక చెంచా వేస్తారు. అందులో పడేది ఈ హార్స్‌రాడిష్. చూపుకి ముల్లంగికి అన్నగారిలా ఉంటుంది. నాలుక మీద పెట్టినప్పుడు ఊరుకుంటుంది, రెండు క్షణాలాగి ముక్కులోంచి నడినెత్తికి ఎక్కుతుంది. కొత్తగా చేరిన మెకానిక్‌లకి పాతవాళ్లు ఈ సాస్ రెండు చెంచాలు వేసి, పెరుగని చెప్పి, పక్క బల్ల దగ్గర కూర్చుని చూస్తారు.

నెల కిందట ఆమెకి జ్వరం వచ్చింది. ఐదో రోజున జ్వరం పోయింది, పోతూ పోతూ వాసన కూడా పట్టుకుపోయింది. సబ్బు, కాఫీ, మాడిన నూనె, వాన, దేనికీ వాసన లేదు. తిరిగి రావచ్చు, రాకపోవచ్చు అన్నాడు డాక్టరు. ఆ మాట ఆమె ఎవరితోనూ అనలేదు, లారీ తోలుతూ వారానికోసారి ఇల్లు చేరే మొగుడితో కూడా. ఈ వేరు ఘాటు ఒక్కటే ఇంకా తెలుస్తోంది. అది వాసన కాదు, మంట. రోజూ పొద్దున్నే చిన్న ముక్క కొరికి చూసుకుంటోంది, పొయ్యిలో నిప్పు మిగిలిందా లేదా అని కెలికి చూసుకున్నట్టు.

ఇన్నాళ్లూ ఎలాగో నెట్టుకొచ్చింది. పదిరోజుల కిందట దొరికిపోయేదే.

పొద్దున్న ఐదున్నరకి మీగడ క్యాన్లు వస్తాయి. పెద్ద వంటమనిషి ఒక్కో క్యాన్ మూత తీసి, ముక్కు దగ్గర పెట్టుకుని, మూత వేసి, గరిటెతో దాని మీద రెండు దెబ్బలు కొట్టాలి. ఆ దెబ్బలే సంతకం. అవి వినబడకుండా క్యాన్ లోపలికి రాదు. ఆ రోజు ఘాటమ్మ మూడు మూతలు తీసింది, మూడుసార్లు ముక్కు పెట్టింది, ఆరు దెబ్బలు కొట్టింది. మూడో క్యాన్ పాడైపోయి ఉంది. ఆ మీగడ కలిపిన ఉడికిన బంగాళాదుంపలు నలభైమూడు ప్లేట్లు వెనక్కొచ్చాయి. సూపర్‌వైజరు వంటగదిలో అందరినీ అడిగాడు. ఘాటమ్మ తేలు కుట్టిన దొంగలా నిలబడింది. అతను ఇంకేమీ అనకుండా వెళ్లిపోయి, మొన్న శుక్రవారం వచ్చి, ఆదివారం మీ ఇంట్లో భోంచేస్తానమ్మా అన్నాడు.

బాత్రూంలో వాషింగ్ మెషీన్ తిరుగుతోంది. బట్టలు వేసింది ఆడపడుచు. మొగుడి చెల్లెలు, అదే క్యాంటీన్‌లో రెండో వంటమనిషి, ఉండేది ఈ ఇంట్లోనే పక్కగదిలో. ఘాటమ్మ దిగితే ఆ గరిటె ఆమె చేతికే వెళుతుంది. మీగడ పాడైన రోజు ఆమె సెలవులో ఉంది. ఆడబిడ్డ అర్ధమొగుడు అంటారు. ఈ ఆడబిడ్డ మొగుడికన్నా ఎక్కువ రోజులు ఇంట్లో ఉంటుంది కాబట్టి ముప్పాతిక మొగుడని ఘాటమ్మ లెక్క.

ఆవపొడిని చన్నీళ్లతో కలిపి పక్కన పెట్టింది. పది నిమిషాలు నాననివ్వాలి, వేడినీళ్లు పోస్తే ఘాటు చచ్చిపోతుంది. వేరు చెక్కు తీసి, తురమడం మొదలుపెట్టింది.

ఈ పనిలో గడియారం చూడకూడదని ఆమెకి తల్లి నేర్పింది. తురిమిన క్షణం నుంచి ఘాటు పెరుగుతూ పోతుంది, వెనిగర్ పడ్డాక ఆగిపోతుంది. తొందరపడితే చప్పన, ఆలస్యమైతే నిప్పు. వేరు వేరుకీ ఆ సమయం మారుతుంది. అందుకే గిన్నె మీదికి వంగి ఉండాలి. మొదటి కన్నీటి చుక్క వస్తుంది, రెండోది వస్తుంది, మూడోది చెంప మీదికి జారగానే వెనిగర్ పొయ్యాలి. పద్నాలుగేళ్లలో ఆ లెక్క తప్పలేదు.

వేరంతా తురిమింది. గిన్నె మీదికి వంగింది. చుక్క రాలేదు.

ఇంకా వంగింది. కళ్లు పొడిగా ఉన్నాయి. గ్రేటర్ కడిగి వచ్చి మళ్లీ వంగింది. ఆవపొడి నానిపోయింది. మిగిలిన ఆ నిప్పు కూడా ఆరిందా. పొద్దున్న ముక్క కొరకలేదని గుర్తొచ్చింది, చక్కబెట్టే పనుల్లో పడి మర్చిపోయింది. ఎంతసేపైందో తెలియదు. గడియారం చూసే అలవాటు లేదు. అంచనా మీద రెండు చెంచాల వెనిగర్ పోసింది, ఉప్పు వేసింది, ఆవముద్ద కలిపింది, డబ్బాలో మీగడంతా వేసి తిప్పింది. చెంచా కొసతో తీసుకుని నాలుక మీద పెట్టుకుంది.

రెండు క్షణాలు ఏమీ లేదు. తర్వాత నెత్తి మీద సుత్తి పడ్డట్టయింది. బల్ల అంచు పట్టుకుంది. కళ్లు ధారగా కారాయి. మంట ఉంది, తన దగ్గరే ఉంది. ఆ సంతోషం చెంచా కింద పెట్టేంతసేపు కూడా నిలవలేదు. ఈ సాస్ మనుషులు తినేలా లేదు.

వాషింగ్ మెషీన్ ఆగింది. ఆ చప్పుడు ఆగాక ఇంకో చప్పుడు మిగిలింది. తల ఎత్తి చూసింది. బల్లకి పైన, కిటికీలో, ఎగ్జాస్ట్ ఫ్యాన్ తిరుగుతోంది. గిన్నెలోంచి లేచిన ఘాటంతా అది బయటికి లాగేసింది. ఈ సాస్ చేసే రోజున ఆ ఫ్యాన్ స్విచ్ ఎవరూ ముట్టుకోరు. ఇంట్లో ఉన్నది ఇద్దరు, ఆమె ముట్టుకోలేదు.

పన్నెండూ ఇరవై అయింది. ఘాటు తగ్గాలంటే ఇంకా మీగడ కలపాలి. ఆదివారం కొట్లు మూసి ఉంటాయి. ఫ్రిజ్‌లో ఇంకో డబ్బా ఉంది, ఐదు రోజుల కిందట తెరిచింది. గురువారం సగం రోజు కరెంటు లేదు. మూత తీసి చూసింది. తెల్లగానే ఉంది. నాలుకకి పుల్లగా తగిలింది, బాగున్నా పుల్లగానే తగులుతుంది. మిగతాది చెప్పాల్సింది ముక్కు. ఈ ఇంట్లో పనిచేసే ముక్కు ఒక్కటే ఉంది.

కలపకపోతే సూపర్‌వైజరుకి మొదటి ముద్దకే తెలిసిపోతుంది, ఘాటమ్మ చెయ్యి తప్పిందని. కలిపి, అది పాడైనదైతే, నలభైనాలుగో ప్లేటు అతనిదే. ముందు నుయ్యి, వెనక గొయ్యి. ఆ రెంటి మధ్య తడిబట్టల బుట్ట చంకన పెట్టుకుని ఆడపడుచు వచ్చి నిలబడింది.

వదినా, ఏడుస్తున్నావా, సాస్ చేస్తున్నావా అని అడిగింది. రెండింటికీ తేడా లేని ఉద్యోగం మనది అని తనే జవాబు చెప్పుకుని నవ్వింది.

ఘాటమ్మ నవ్వలేదు. డబ్బా ఆమె ముందుకి చాచింది.

"వాసన చూడు."

ఆడపడుచు బుట్ట దించింది. డబ్బా అందుకోలేదు. "నువ్వు చూశావుగా?"

"నాకు తెలియడం లేదు."

"ఎప్పట్నుంచి?"

"జ్వరం దగ్గర్నుంచి."

ఆడపడుచు డబ్బా తీసుకుని ముక్కు దగ్గర పెట్టుకుంది. మొహంలో ఏ మార్పూ లేదు. మూత వేసేసింది. "పోయింది. పారెయ్."

నిజం చెప్పిందో అబద్ధం చెప్పిందో తేల్చుకునే దారి ఘాటమ్మకి లేదు. మంచి మీగడని పాడైందంటే సాస్ పోతుంది, దాంతో పాటు తనూ పోతుంది. ఆమె ఆడపడుచు కళ్లలోకి చూసింది. ఆడపడుచు కూడా చూపు తిప్పలేదు. డబ్బా చెత్తబుట్టలో పడింది.

"ఫ్యాన్ వేసింది నువ్వేనా?"

"నేనే. జ్వరం పడి లేచినదానివి, కళ్లు మండుతాయని." బుట్ట మళ్లీ చంకనెత్తుకుంటూ అంది, "పోయిన ఆదివారం మసిగుడ్డ సగం కాలింది వదినా. నువ్వు పక్కనే నిలబడి ఉల్లిపాయలు తరుగుతున్నావు."

"మరి చెప్పలేదేం?"

"ఎవరికి చెప్పను? నీకు చెబితే దెబ్బలాడతావు, సూపర్‌వైజరుకి చెబితే కుర్చీ కోసం చెప్పానంటావు. నువ్వే అడుగుతావేమోనని చూశాను. వారం పట్టింది తల్లీ నీకు."

ఒంటిగంటకి రెండు నిమిషాలుండగా సూపర్‌వైజరు బెల్లు కొట్టాడు. మాంసం, దుంపలు, గిన్నెలో సాస్ పెట్టారు. తక్కువ వేసుకోండి సార్ అని ఘాటమ్మ చెప్పింది. అతను ఎప్పుడూ వేసుకునేంత వేసుకున్నాడు. మొదటి ముక్క నోట్లో పెట్టుకుని నమలడం ఆపేశాడు. కళ్లజోడు తీసి బల్ల మీద పెట్టాడు. జేబురుమాలు తీశాడు. మంచినీళ్లు తాగాక అతను ఆడపడుచు వైపు తిరిగి, ఆ రోజు మూడో క్యాన్ సంగతి మీకేమైనా తెలుసా అని అడిగాడు.

ఆడపడుచు చెయ్యి దుంపల గిన్నె మీద ఉంది. అక్కడే ఉంచింది. వదిన వైపు చూడలేదు.

"ఆమె ఆ రోజు లేదు సార్," అంది ఘాటమ్మ. "ఆరు దెబ్బలూ నేనే కొట్టాను. నా ముక్కు పనిచేయడం లేదు. నెలయింది."

సూపర్‌వైజరు కళ్లజోడు తుడిచి పెట్టుకున్నాడు. మీకు చెప్పడానికి పదిరోజులిచ్చానమ్మా అన్నాడు. గొంతు పెంచలేదు. మీగడ పాడైందని వంటమనిషి చెప్పాలి గానీ తినేవాడు చెప్పకూడదు అన్నాడు. రేపటి నుంచి గరిటె ఆడపడుచు చేతిలో ఉంటుంది, ముక్కు తిరిగొస్తే అప్పుడు మాట్లాడదాం, రాకపోతే మీరు రెండో స్థానంలోనే ఉంటారు. అంతా చెప్పి, ప్లేటులో మిగిలిన మాంసం తిన్నాడు. సాస్ కూడా తిన్నాడు, ముక్క ముక్కకీ ఆగుతూ. వెళ్లేటప్పుడు గుమ్మంలో అడిగాడు, బుధవారం సాస్ మామూలుగా చేస్తారు కదా అని.

సోమవారం ఐదున్నరకి ఘాటమ్మ పాత్రల దగ్గర నిలబడి, వెనక్కి తిరగకుండా, ఆరు దెబ్బలు వింది. చివరి రెంటికీ ముందు ఎడం ఎక్కువైంది. మూడో క్యాన్ దగ్గర ఆడపడుచు రెండోసారి ముక్కు పెట్టిందన్నమాట.

బుధవారం తొమ్మిదింటికి క్యాంటీన్ వంటగదిలో ఫ్యాన్లు ఆపించారు. ఘాటమ్మ రెండు కిలోల వేరు తురిమి తొట్టి మీదికి వంగింది. ఆడపడుచు ఎదురుగా నిలబడింది, వెనిగర్ సీసా రెండు చేతుల్తో పట్టుకుని. ఆమె కళ్లు అప్పటికే కారుతున్నాయి.

"పొయ్యనా వదినా? నాకు ఐదు వచ్చాయి."

"నీవి లెక్కలోకి రావు," అంది ఘాటమ్మ, తొట్టిలోంచి తల ఎత్తకుండా. "ఆగు. ఇంకా రెండోదే."