గోడల వెనక మోటార్లు

తెల్లవారి నీళ్లు వదిలే వేళకు ఆ వీధిలో ప్రతి ఇంటి వెనకా ఒక మోటారు గుర్రుమంటుంది. నీళ్లు వాటంతటవే వచ్చే రోజులు ఎప్పుడో పోయాయి. మొదట ఒక ఇంటివాళ్లు వీధి గొట్టానికి చిన్న మోటారు బిగించి లాక్కున్నారు. దాంతో పక్కింటి కుళాయి సన్నబడింది. పక్కింటివాళ్లు ఇంకాస్త పెద్ద మోటారు తెచ్చారు. ఎదురింటివాళ్లు ఊరుకుంటారా? ఇప్పుడు ఆ వీధిలో మనుషుల మధ్య మాటలు తగ్గిపోయి మోటార్ల మధ్యే పోటీ నడుస్తోంది.

వాటన్నిటినీ బిగించింది ఒక్కడే. చేతిలో ఎప్పుడూ పానా ఉంటుంది కనుక అందరూ అతన్ని పానా మామ అంటారు. గొట్టాల పనిలో తల నెరిసినవాడు. ప్రతి ఇంట్లోనూ పని పూర్తయ్యాక అతనికి ఒకే మాట వినబడేది.

"మామా, పక్కింటివాళ్లకి చెప్పకేం!"

"నాకెందుకమ్మా, ఎవరి ఇల్లు వాళ్లిష్టం" అనేవాడు పానా మామ. ఆ మాటలో తప్పేముందని మీరడగవచ్చు. నిజమే, విడిగా చూస్తే ఏ తప్పూ లేదు. వీధి మొత్తం ఆ మాట మీదే బతకడం మొదలుపెట్టినప్పుడు ఏమవుతుందో చెప్పడానికే ఈ కథ.

పానా మామ ఇల్లు వీధి చివర, మురిక్కాలువ పక్కన. అన్ని ఇళ్లూ లాక్కోగా మిగిలింది అక్కడికి చేరాలి. ఊరందరికీ మోటార్లు బిగించినవాడు తన ఇంటికి మాత్రం బిగించుకోలేదు. "ఇవాళ కాదులే, రేపు చూద్దాం" అంటూ బద్ధకించాడంతే, అందులో గొప్పేమీ లేదు. కొడుకు లారీ మీద వెళితే వారాల తరబడి తిరిగిరాడు. ఇంట్లో ఉండేది అతనూ, కోడలూ, నాలుగేళ్ల మనవరాలూ. ఆ పిల్లను ముద్దుగా బుడ్డి అని పిలుచుకునేవారు. తాత పనికి బయల్దేరితే పానా దాచేసి, వెతుక్కోమని చప్పట్లు కొట్టేది.

ఆ బుడ్డికి కామెర్లు వచ్చాయి. ఆసుపత్రిలో డాక్టరమ్మ కోడలికి మొహమాటం లేకుండా చెప్పింది. "ఈసారికి గట్టెక్కింది. నీళ్ల వల్ల వచ్చిన జబ్బు ఇది. మళ్లీ ఆ నీళ్లే తాగితే పిల్ల తట్టుకోలేదమ్మా."

పానా మామ నేరుగా నీళ్ల ఆఫీసుకు వెళ్లి ఇంజనీరును వెంటబెట్టుకొచ్చాడు. ఇంజనీరు వీధి చివర తవ్వించి చూశాడు. మురిక్కాలువ పక్కనే గొట్టం అతుకు పగిలి ఉంది.

"మీ మోటార్లన్నీ ఒక్కసారిగా లాగితే గొట్టం ఖాళీ అవుతుంది. అప్పుడా పగులులోంచి మురుగు లోపలికొస్తుంది. కొత్త గొట్టం వేయిస్తాను. కానీ మోటార్లు ఉంటే అదీ నాలుగు రోజుల ముచ్చటే. ఆదివారం పొద్దున నీళ్లు వదిలేటప్పుడు వస్తా. ఒక్క మోటారు వినిపించినా గొట్టం పక్క వీధికి పోతుంది. వాళ్లు ఎప్పట్నుంచో అడుగుతున్నారు" అన్నాడు.

వీధిబడి వరండాలో అందరూ సమావేశమయ్యారు. పౌరశాస్త్రం బోధించి రిటైరైన టీచరమ్మ పెద్దరికం వహించింది. వీధిలో సగంమంది ఆమె చేతి దెబ్బలు తిన్నవాళ్లే. పానా మామ లేచి నిలబడ్డాడు.

"మా బుడ్డి..." అని ఆగిపోయాడు. "మీరంతా చూసిన పిల్లే కదా. మోటార్లు తీసేద్దాం. నేనే ఊరికే విప్పిపెడతా."

ఎవరి కళ్లూ పొడిగా లేవు. మోటార్లు తీసేయాలనేవాళ్లు చేతులెత్తండి అంది టీచరమ్మ. అందరూ ఎత్తారు. దర్జీ అయితే రెండు చేతులూ ఎత్తాడు. "నీకు ఒక్క ఓటేరా" అని టీచరమ్మ కసిరితే అందరూ నవ్వారు.

"మరి తీశారో లేదో పానా మామ ఇంటింటికీ వచ్చి చూస్తాడు" అని ఆమె అనేసరికి ఆ నవ్వు ఆగిపోయింది.

"అదేంటి టీచర్! మాట ఇచ్చాక కూడా ఇళ్లల్లోకి వచ్చి వెతుకుతారా? మేమేమైనా దొంగలమా?" అన్నాడు దర్జీ.

"మా ఇంట్లో ఏముందో చూసే హక్కు ఎవరికీ లేదు" అంది ఇంకొకావిడ.

పానా మామే సర్దిచెప్పాడు. "పోనీండి టీచరమ్మా, ఎవరిది వాళ్లే తీసుకుంటారు." సభ ముగిసింది. అంత చక్కగా అందరూ ఒక్క మాట మీద నిలబడటం ఆ వీధిలో ఎన్నడూ జరగలేదని చెప్పుకుంటూ ఇళ్లకు వెళ్లారు.

శనివారం సాయంత్రం బుడ్డిని ఇంటికి తీసుకొచ్చారు. ఒళ్లంతా నీరసం, కళ్లల్లో ఇంకా పసుపు. కోడలు ఖాళీ బిందెలు చూపించింది.

"మామయ్యా, కాచి చల్లార్చడానికైనా నీళ్లుండాలి కదా. పిల్ల గుడ్డలు ఉతకాలి. మన కుళాయికి బొట్టు బొట్టు తప్ప రావడం లేదు."

పానా మామ సామాన్ల కొట్లోకి వెళ్లాడు. ఎవరో వద్దని పడేసిన చిన్న మోటారు ఒకటి మూల పడి ఉంది. మిగతావాళ్లందరూ తీసేశారు కదా, జబ్బుపడ్డ పిల్ల కోసం ఈ ఒక్కటీ ఆడితే ఎవరికి నష్టం అనుకున్నాడు. చప్పుడు రాకుండా కింద పాత గోనెసంచి మడిచి పెట్టి బిగించాడు. వీధికి ఇచ్చిన మాట అతనికి గుర్తులేక కాదు. మనవరాలి మొహం ముందు ఆ మాట చిన్నదైపోయింది.

ఆదివారం పొద్దున నీళ్లు వదిలారు. పానా మామ మీట నొక్కాడు. బకెట్టులో నీళ్లు పడుతున్నాయి. తేటగానే ఉన్నాయి. అంతలో తలుపు చప్పుడైంది. బయట ఇంజనీరు గొంతు వినగానే గబుక్కున మీట ఆపాడు.

తన మోటారు ఆగాక గానీ అతనికి మిగతావి వినబడలేదు. ఎదురింటి వెనక, పక్కింటి వెనక, దర్జీ ఇంటి వెనక, వీధి ఆ చివరిదాకా అన్నీ తిరుగుతూనే ఉన్నాయి. కొందరు వాటి మీద దుప్పట్లు కప్పారేమో, పీక నొక్కినట్టు మూలుగుతున్నాయి.

ఇంజనీరు కోప్పడలేదు. "నేను చెప్పేదేముంది పెద్దాయనా" అని వెనుదిరిగాడు.

పానా మామ వీధిలోకి పరిగెత్తి, ఆపండి ఆపండి అని అరిచాడు. కోడలూ వెంట పరిగెత్తింది. తలుపులు తెరుచుకున్నాయి. ఒకరి మీద ఒకరు విరుచుకుపడ్డారు. ఒకరింట్లో మంచంపట్టిన తల్లి, ఒకరింట్లో బాలింత, దర్జీకి పెళ్లిబట్టలు తడిపి, కుట్టి ఇచ్చే గడువు. ఎవరూ అబద్ధం చెప్పడం లేదు. ప్రతి ఇంట్లోనూ నిజమైన అవసరమే ఉంది. తమ ఒక్కరి వల్ల ఏమవుతుందిలే అని ప్రతి ఒక్కరూ అనుకున్నారు.

"మరి నువ్వో మామా? నీ ఇంట్లో గుర్రుమన్నదేంటి?" అన్నాడు దర్జీ.

పానా మామ తల వంచుకున్నాడు.

అప్పుడు ముందుకొచ్చాడు నీళ్ల ట్యాంకర్ల యజమాని. వీధి మొదట్లో ఉన్న పెద్ద మేడ అతనిది. "మీ సభలూ, చేతులెత్తడాలూ చూశాం కదా! ఆఫీసులో మాట్లాడి మన వీధికి నీళ్లు వదిలే వాల్వు తాళంచెవి నేను తీసుకుంటా. ఎవరికెంత వదలాలో నేను చూసుకుంటా. ఇంక మీటింగులొద్దు, గొడవలొద్దు."

వీధి ఊపిరి పీల్చుకుంది. ఎవరూ అడగకుండానే చేతులు లేచాయి. వద్దురా, వద్దని టీచరమ్మ ఎంత మొత్తుకున్నా గోడకు చెప్పినట్టే అయింది.

ఈ గొడవంతా జరుగుతుండగా ఇంట్లో బుడ్డికి దాహమేసింది. అమ్మా అని పిలిచింది. ఎవరూ పలకలేదు. మెల్లగా మంచం దిగి, తాత పట్టిన బకెట్టులో గ్లాసు ముంచుకుని కడుపునిండా తాగింది. కోడలు తిరిగొచ్చేసరికి గ్లాసు పిల్ల చేతిలోనే ఉంది.

రెండు రోజులకే పిల్లకి వాంతులు పట్టుకుంటే మళ్లీ ఆసుపత్రికి పరుగెత్తారు. డాక్టరమ్మ ముందే చెప్పింది కదా, పిల్ల తట్టుకోలేకపోయింది. వాళ్లు బుడ్డిని గుడ్డలో చుట్టుకుని వీధికి తిరిగొచ్చే నాటికి తాళంచెవి మేడలోకి చేరింది. కుళాయిల్లో చుక్క లేదు. యజమానికి నచ్చినప్పుడు, నమస్కారం పెట్టినవాళ్ల వైపు మాత్రమే నీళ్లు వస్తున్నాయి.

చివరి స్నానానికి బిందెడు నీళ్ల కోసం పానా మామ ఆ మేడ ముందు నిలబడ్డాడు. "అన్న భోంచేస్తున్నాడు, ఉండు" అన్నాడు కాపలావాడు. చాలాసేపటికి మళ్లీ వచ్చి, "పడుకున్నాడు, సాయంత్రం రా" అన్నాడు.

పానా మామ అక్కడే కూలబడ్డాడు. మగవాడు ఏడవకూడదన్న సంగతి మర్చిపోయి పెద్దగా ఏడ్చాడు. ఆ ఏడుపుకి తలుపులు తెరుచుకున్నాయి. ఒక్కొక్కరే వచ్చి చుట్టూ నిలబడ్డారు. ఎవరి చేతిలోనూ నీళ్లు లేవు. మేడ గేటు తట్టే ధైర్యమూ ఎవరికీ లేదు.

"నేనూ ఆపలేదు టీచరమ్మా. నేనే ఆపలేదు" అన్నాడు పానా మామ.

టీచరమ్మ అతని పక్కన మట్టిలో కూర్చుంది. వీధివాళ్ల వైపు చూసింది.

"ఎవరిష్టం వాళ్లకుండాలని మీ చిన్నప్పుడు నేనే చెప్పాను. ఇప్పటికీ అదే అంటాను. రాజు గుప్పిట్లోంచి మనిషిని బయటకు తేవడానికే ప్రజాస్వామ్యం పుట్టింది. కానీ మీరేం చేశారు? మీ ఇష్టాన్ని ఇంట్లో పెట్టి తలుపేసుకున్నారు. వీధిని గాలికొదిలేశారు. చేయెత్తితే చాలు, బాధ్యత తీరిపోయిందనుకున్నారు. మీరొదిలేసిన వీధిని ఆ మేడవాడు ఏరుకున్నాడు. వాడికి బలం ఎక్కడిదనుకుంటున్నారు? మీరు విడివిడిగా ఉండటమే వాడి బలం. ఇప్పుడు చెప్పండి, మీ ఇష్టం మీ చేతుల్లో ఉందా?"

గేటు తెరుచుకోలేదు. సాయంత్రం దాకా ఆ పిల్ల ఒంటికి నీళ్లు దొరకలేదు.

పాఠకులారా, నా ఇల్లు, నా అవసరం, నా ఇష్టం అనే హక్కు మనకు ప్రజాస్వామ్యం ఇచ్చిందే. పక్కింటివాడి కోసం మన మోటారు మనమే ఆపుకోని నాడు, ఆ హక్కును మన చేతులతో మనమే ఎవడో ఒకడికి అప్పజెప్పుకుంటాం.