ఎవరి ఒంటి వేడి

ఆ బూడిద రంగు కోటు మీ బీరువాలో ఇంకా ఉంది కదూ? తల దించుకోవద్దు. ఉందో లేదో చెప్పండి. మంచు కురిసే రోజున అది తొడుక్కుని, అబ్బ ఎంత వెచ్చగా ఉందో అని మురిసిపోయారు. గాయని సయో స్వయంగా కుట్టిన కోటు అని పదిమందికి చూపించారు. గుడ్డకు వేడి ఎక్కణ్ణించి వస్తుందని ఒక్క రోజైనా అడిగారా? కెటిల్ వేడిగా ఉంటే దాని కింద మంట ఉందని చిన్నపిల్లకైనా తెలుసు. మీకు తెలియలేదా? తెలుసుకోవాలనిపించలేదు, అంతే. కనుక ఇప్పుడు కూర్చుని వినండి.

టోక్యోలో, నిప్పొరి బట్టల దుకాణాల వీధి చివర, బొత్తాల కొట్టు పైన ఒక గది ఉండేది. అందులో షిమొజో కినుయె ముప్పయ్యేళ్ళుగా కుట్టుపని చేసేది. పొద్దున్నే లేచి, ఎదురుగా ఉన్న హత్సు అంగట్లో సోయాపాల జున్నులాంటి టోఫు ముక్క ఒకటి తెచ్చుకుని, సూప్ కాచుకు తాగి, ఏడింటికల్లా సూది పట్టేది. టెలివిజన్ వాళ్ళకు, నాటకాల వాళ్ళకు దుస్తులు కుట్టడం ఆమె పని. మాట తక్కువ. ఒక్క కుట్టు వంకరపోయినా మొత్తం విప్పి మళ్ళీ మొదలుపెట్టేది.

ఆమె చేత్తో కుట్టిన బట్ట చల్లారేది కాదు. ఎవరో అప్పుడే విడిచినట్టు గోరువెచ్చగా ఉండేది. వాటిని మోసుకెళ్ళే వ్యాను డ్రైవర్లు తమ అన్నం డబ్బాలు ఆ పెట్టెల మీద పెట్టుకునేవాళ్ళు. జనవరిలో స్టూడియో మేకప్ వాళ్ళు హ్యాంగర్ల మధ్య చేతులు దూర్చి కాచుకునేవాళ్ళు. దాని గురించి ఎవరూ ప్రత్యేకంగా మాట్లాడుకోలేదు. కొందరి చేతి వంట రుచిగా ఉంటుంది, ఈవిడ చేతి కుట్టు వెచ్చగా ఉంటుంది.

అయితే ఆ వేడి ఊరికే వచ్చేది కాదు. ఒక గౌను పూర్తయ్యేసరికి కినుయె వేళ్ళు చల్లబడేవి. ఇంకోటి అయ్యేసరికి ఆ చలి మోచేతుల దాకా పాకేది. ఏడాది పొడుగునా అలా పోయిన వేడి ఫిబ్రవరి ఎనిమిదో తేదీన తిరిగి వచ్చేది. ఆ రోజు కుట్టుపని వాళ్ళెవరూ సూది ముట్టరు. ఏడాదిలో విరిగిన సూదులన్నీ అసకుసా గుడికి పట్టుకెళ్ళి, అక్కడ పెట్టిన మెత్తటి టోఫులో గుచ్చి, గట్టి బట్టల్లో చాలా కష్టపడ్డారు, ఇక పడుకోండి అని దండం పెడతారు. కినుయె ఇంటికొచ్చి చేతులు ఒళ్ళో పెట్టుకుని కూర్చునేది. పొద్దు వాలే వేళకు కాలి వేళ్ళ నుంచి వెచ్చదనం మెల్లగా పైకెక్కేది. ఆ ఒక్క రోజే. ఇంకే రోజు కూర్చున్నా వచ్చేది కాదు.

ఎనభై మూడులో సుగాయా అనే మేనేజరు ఒక పదహారేళ్ళ పిల్లను ఆ మెట్లెక్కించి తీసుకొచ్చాడు. నీగాతా మంచుకొండల పిల్ల. పేరు సయో. పాట వచ్చు, నవ్వు రాదు.

"చేతుల్లేని గౌను కావాలి కినుయె గారూ. హొక్కయిదోలో మంచు పండగ, ఆరుబయట పాడాలి" అన్నాడు సుగాయా.

"చంపేస్తారా ఏంటి పిల్లని?"

"అందుకే కదా మీ దగ్గరికి వచ్చింది."

ఆ మంచులో మిగతా గాయనుల పెదాలు నీలంగా మారాయి. సయో మాత్రం భుజాలు బయటపెట్టుకుని, వణుకన్నది లేకుండా చివరి స్వరం దాకా పాడింది. వారం తిరిగేసరికి దేశమంతా ఆ పాటే. అప్పటినుంచి ఆమె కినుయె కుట్టింది తప్ప వేరేది ఒంటిమీద వేయలేదు. స్టేజీ గౌన్లే కాదు, లోపలి బనియన్లు, పడుకునే బట్టలు కూడా.

మరుసటి ఫిబ్రవరిలో సూదుల పొట్లం పట్టుకుని సయో కూడా గుడికి వెళ్ళింది.

"పిన్నీ, సూదులకి నొప్పి తెలుస్తుందా?"

"నీకు తెలుస్తుందిగా, చాలు. మెల్లగా గుచ్చు. ముల్లంగి తరుగుతున్నావా?"

ఆ సాయంత్రం కినుయె పాదాలు ముట్టుకుని చూసి, "వస్తోంది పిన్నీ, వేడి వస్తోంది!" అని ఆ పిల్ల గంతులేసింది. అంటే ఆమెకు తెలుసు. ఆ వేడి ఎవరిదో, ఏ రోజున తిరిగొస్తుందో తన చేతులతో తాకి తెలుసుకుంది. తెలియక చేసింది పాపం అని ఆమె మీద జాలిపడేవాళ్ళు ఈ సంగతి విని నోరు మూసుకోండి.

ఇరవై నాలుగేళ్ళకు సయో నటి అయింది. టీవీ సీరియల్లో, ముత్యాల కోసం సముద్రంలో దూకే పల్లె పడుచు వేషం. డిసెంబరు నీళ్ళలో నడుం లోతున నిలబడి ఏడ్చే దృశ్యం ఒక్క టేకులో చేసింది. ఏం అంకితభావం అన్నారు. బహుమతి ఇచ్చారు. సీరియల్ చివర పేర్లు వేసినప్పుడు టీ అందించినవాళ్ళ పేరు కూడా ఉంది, కినుయె పేరు లేదు. కినుయె అడగలేదు.

ముప్పై మూడేళ్ళకు సొంత పేరుతో బట్టల వ్యాపారం మొదలుపెట్టింది. కోట్లు ఫ్యాక్టరీలో మిషను మీద తయారయ్యేవి. ఒక్కొక్కటీ నిప్పొరి గదికి వచ్చి, కాలరు లోపల కినుయె చేతి కుట్లు తొమ్మిది వేయించుకుని దుకాణానికి వెళ్ళేది. ఆ తొమ్మిది కుట్లతోనే కోటంతా వెచ్చబడేది. నెలనెలా అలాంటి కోట్లు వందలకొద్దీ ఆ గదిలోకి వచ్చిపడ్డాయి.

సయో టీవీలో కూర్చుని చెప్పింది: "నేనే గీస్తాను, నేనే కత్తిరిస్తాను. ప్రతి కుట్టూ నా చేతిదే. ఆ వెచ్చదనం అభిమానుల మీద నా ప్రేమ."

టోఫు అంగట్లో టీవీ చూస్తున్న హత్సు గరిటె విసిరికొట్టింది. "విన్నావటే కినుయె! నీ ఒంట్లో వేడి ఆవిడ ప్రేమట. ఇహ నా టోఫు కూడా ఆవిడే చేస్తోందేమో అడుగు."

"అడుగుతాలే. ముందు ఆ గరిటె కడుగు" అంది కినుయె.

మొదటి ఏడాది ఫిబ్రవరిలో సుగాయా వచ్చి, "ఈ ఒక్కసారికి ఎనిమిదో తారీఖున కూడా కుట్టండి, సరుకు ఆగిపోయింది" అని బతిమాలాడు. కుట్టింది. రెండో ఏడాది సయో తానే ఫోన్ చేసి, "పోయినేడు ఏమైంది? ఏమీ కాలేదుగా" అంది. కుట్టింది. ఆ చలికాలం కినుయె బజారుకు వెళ్ళి వస్తే, భుజాల మీద పడిన మంచు గదిలో కూర్చున్న గంటకు కూడా కరగలేదు. డాక్టరు థర్మామీటరును రెండుసార్లు విదిలించి చూశాడు. ఇంకో ఏడాది ఇలాగే గడిస్తే వసంతం చూడలేవమ్మా అని మొహం మీదే చెప్పాడు.

అప్పుడు కినుయె మూడు స్వెట్టర్లు వేసుకుని సయో ఆఫీసుకు వెళ్ళింది. సయో అద్దం ముందు కూర్చుని జుట్టు వేయించుకుంటోంది.

"ఇంత దూరం ఎందుకొచ్చారు? ఫోన్ చేస్తే సరిపోయేదిగా."

"నువ్వు ఎత్తడం లేదమ్మాయ్."

"చెప్పండి."

"ఈసారి ఎనిమిదో తారీఖు నాకు కావాలి."

"ఆ రోజే మన బట్టల ప్రదర్శన. మూడు గంటలకి. నలభై గౌన్లు."

"ఏడాదిలో ఇన్ని రోజులుండగా ఆ రోజే పెట్టావా?"

"సూదుల పండగ కదా, పత్రికలవాళ్ళకి నచ్చింది. ఆహ్వానం మీద సూది బొమ్మ కూడా వేయించాం. చూశారా, ఎంత ముద్దుగా ఉందో?"

కినుయె ఆ కార్డు ముట్టుకోలేదు. "నా పేరు ఎక్కడా వద్దు. ఇంకేమీ వద్దు. ఆ ఒక్క రోజు ఇవ్వు. ఇవ్వకపోతే నేను పోతాను సయో. డాక్టరు చెప్పాడు."

"అయిపోయాక పది రోజులు పడుకోండి."

"ఆ పది రోజుల్లో తిరిగి రాదు. నీకు తెలుసు."

సయో అద్దంలోంచే చూసింది. "నేనూ చలిలో నిలబడి పాడాను. నీళ్ళలో నిలబడి ఏడ్చాను. నాకెవరూ సెలవివ్వలేదు."

చలిలో ఆమె నిలబడిన మాట నిజమే. ఆ చలిని భరించింది మాత్రం ఇంకొకరు.

మరి కినుయె ఎందుకు ఒప్పుకుంది అంటారేమో. ఒప్పుకున్న పని మధ్యలో వదిలే అలవాటు ఆమెకు లేదు. అలాంటివాళ్ళు ఎక్కడ దొరుకుతారా అనే కొందరు వెతుకుతుంటారు.

ఎనిమిదో తారీఖు మధ్యాహ్నం, స్టేజీ వెనక గదిలో ఆమె నేలమీద మోకరిల్లి సయో ఆఖరి గౌను అంచు కుడుతోంది. పెదాలు తెల్లగా ఉన్నాయి. సూది వేళ్ళలోంచి రెండుసార్లు జారింది. గౌను మాత్రం సయో ఒంటిమీద పొగలు కక్కేంత వెచ్చగా ఉంది. అప్పుడు కెమెరాతో ఒక విలేకరి లోపలికొచ్చి, "ఈవిడెవరు మేడమ్?" అని అడిగింది.

"ఇస్త్రీ చేసే ఆవిడ. చాలా ఏళ్ళ నుంచీ ఉంది, పాపం. ముసలిదైపోయింది, తీసెయ్యలేక ఉంచాం" అంది సయో నవ్వుతూ. నవ్వడం ఎప్పుడో నేర్చుకుంది.

కినుయె దారం పళ్ళతో తెంపింది. లేచి నిలబడింది.

"కినుయె గారూ, ఇంకా జానెడు అంచు ఉంది. ఆరు నిమిషాలే టైముంది!" అన్నాడు సుగాయా.

బల్ల మీద అతని భోజనం డబ్బా తెరిచి ఉంది. అందులో, చేప పక్కన, ఉడికించిన టోఫు ముక్క ఒకటి. కినుయె చేతిలో సూదిని తిన్నగా దాని నడిమధ్యన గుచ్చింది. రెండు చేతులూ జోడించింది.

"చాలా కష్టపడ్డావు. ఇక పడుకో."

"అయ్యో, నా అన్నం!" అన్నాడు సుగాయా.

ఆమె కుర్చీలో కూర్చుని చేతులు ఒళ్ళో పెట్టుకుంది. మునుపు ఒక్క ఏడాది బాకీ బట్టల్ని చల్లార్చకుండానే తీరేది; ఈసారిది మూడేళ్ళ బాకీ, అది బట్టల్లోంచే తిరిగి రావాలి.

బయట మొదటి మోడల్ నాలుగడుగులు వేసి ఆగి, చేతులతో తన్ను తాను చుట్టుకుంది. వెనకాల వచ్చిన పిల్ల కూడా. ఒకటి తర్వాత ఒకటి నలభై గౌన్లూ చల్లారాయి. మంచుగడ్డలైపోలేదు. మామూలు గుడ్డలయ్యాయి, అంతే. ఊళ్ళో రైళ్ళలో, బస్‌స్టాపుల్లో జనం కోటు కాలర్లు పైకి లాక్కున్నారు. మీ కోటు కూడా ఆ సాయంత్రమే చల్లబడింది. పాతదైపోయిందనుకుని బీరువాలో పడేశారు.

ఆ మోడల్ పిల్లలు స్వెట్టర్లు తొడుక్కుంటే సరిపోయింది. సయోకి సరిపోలేదు. ఇరవై ఏళ్ళుగా ఇంకొకరి వేడి కప్పుకుని బతికిన ఒళ్ళు సొంతంగా వేడి పుట్టించడం మరిచిపోయింది. మైకు ఎత్తి నోరు తెరిస్తే, హీటర్లు నడుస్తున్న హాల్లో ఆమె ఊపిరి తెల్లటి పొగలా వచ్చింది. రెండో చరణానికి పళ్ళు టకటక కొట్టుకున్నాయి. ఆ చప్పుడు మైకులోంచి హాలంతా వినబడింది.

వెనక గదిలో కినుయె ఒక్కొక్కటిగా మూడు స్వెట్టర్లూ విప్పింది. బుగ్గలు ఎర్రబడ్డాయి. అవి చేత్తో పట్టుకుని, పల్చటి చొక్కాతో నడుచుకుంటూ ఇంటికి వెళ్ళిపోయింది. దారిలో మంచు ఆమె మీద పడినట్టే పడి నీళ్ళయింది.

సయోకి ముందు పాటలు పోయాయి. గడ్డకట్టిన గొంతులో స్వరం నిలవదు. ఆగస్టు ఎండలో తీసే సీరియల్ దృశ్యంలో ఆమె మాట్లాడిన ప్రతిసారీ నోట్లోంచి పొగ వచ్చింది. దర్శకుడు పదకొండు టేకుల తర్వాత టోపీ తీసి నమస్కరించి ఇంటికి పంపించాడు. కోట్లు దుకాణాల్లో అలాగే వేలాడాయి. ఒకరోజు ఆమె నిప్పొరి మెట్లెక్కింది. కినుయె తిట్టలేదు. టీ ఇచ్చింది. ఆ టీ పెదాల దాకా వెళ్ళేలోపే చల్లారింది.

"ఒక్క బనియన్ కుట్టు పిన్నీ. ఒక్కటే."

"నా దగ్గరున్నది నాకు సరిపడా ఉందమ్మాయ్. పైన ఏమీ లేదు."

సయో బాగానే ఉందని చూపించుకోవడానికి నవంబరులో కంపెనీవాళ్ళు అభిమానులతో చేతులు కలిపే కార్యక్రమం పెట్టారు. వరసలో మొదటివాడు సెందాయ్ నుంచి వచ్చిన మురనాకా అనే పోస్టుమాన్. ఇరవై ఏళ్ళుగా ఆమె ప్రతి కచేరీకీ వచ్చినవాడు. రెండు చేతులతో ఆమె చేయి పట్టుకున్నాడు. ఒక క్షణం ఓర్చుకున్నాడు, రెండు క్షణాలు ఓర్చుకున్నాడు. తర్వాత, దించిన తల ఎత్తకుండానే, చేతులు వెనక్కి తీసుకున్నాడు. చలికి తాను చేతులు కాచుకుంటున్న వేడి పొట్లం జేబులోంచి తీసి ఆమె అరచేతిలో పెట్టాడు. అది అక్కడే రాయిలా బిగుసుకుపోయింది. ఆయన వంగి నమస్కారం చేసి వెళ్ళిపోయాడు. వెనక వరస చెదిరిపోయింది.

ఆమెకిప్పుడు యాభై దాటాయి. ఆ రోజు తర్వాత ఆమె చేయి ఎవరూ పట్టుకోలేదు.