తెర మీద ఆరు క్షణాలు

సిగ్నె, ఆ గౌను ఇస్త్రీ చేసింది చాలు గానీ, స్టూలు లాక్కుని నా పక్కన కూర్చో తల్లీ. యుద్ధకాలంలో సినిమా కథ రాసిన ఆడమనిషినని రేపు మ్యూజియం వాళ్లు నాకు పూలు ఇవ్వడానికి వస్తున్నారు కదా. వాళ్లకన్నా ముందు నువ్వు వినాలి.

మీ తాతయ్య ఐనార్ లిండెగోర్ సినిమాలు తీసేవాడు. కోపెన్‌హాగన్‌లోకి జర్మన్లు వచ్చాక ముడిఫిల్ము కోసం ఆఫీసుల చుట్టూ తిరగడం ఆయన పని. తక్కినదంతా నాది. నటీమణుల గౌన్లు ఉతకడం, ముప్పై మందికి రొట్టెలకు వెన్న రాయడం, అదయ్యాక తెల్ల గ్లవ్స్ తొడుక్కుని ఫిల్ము ముక్కలు కత్తిరించి అతికించడం. "పెళ్లానికి జీతమిస్తే ఊరు నవ్వుతుంది" అనేవాడు. బడికి సరిగ్గా వెళ్లనిదాన్ని, నిజమే కాబోలనుకునేదాన్ని.

కథలు రాసేది రోసా లెవిసోన్. యూదుల పిల్ల. నా సాసర్లో సిగరెట్ బూడిద రాలుస్తూ, "త్యూరా, నువ్వు సరైన చోట కత్తెర వేయకపోతే నా జోకులకి ఒక్కడూ నవ్వడు" అనేది. ఒకరోజు అందరి ముందూ అడిగేసింది. "లిండెగోర్ గారూ, ఎడిటింగ్ అని త్యూరా పేరు వేయండి."

"అలాగే! బంగాళాదుంపలు వలిచిందెవరో కూడా వేద్దామా?" అన్నాడాయన.

అందరూ నవ్వారు. నేనూ నవ్వాను. రోసా ఒక్కతే నవ్వలేదు.

నలభై మూడు అక్టోబరులో యూదుల్ని పట్టుకుంటున్నారని కబురొచ్చింది. రోసా చేపల పడవ అడుగున దాక్కుని స్వీడన్ చేరింది. ఆమె రాసిన సినిమాకు మొదట్లో పడే పేర్లు అతకడం ఒక్కటే మిగిలింది.

"ఆ పేరు పడితే మన బొమ్మ బయటికి రాదు" అన్నాడు మీ తాతయ్య.

"అయితే ఖాళీగా వదిలెయ్."

"రాసినవాళ్లు లేని సినిమా ఉంటుందా? నీ పేరు వేద్దాం. పేరు లేదని మూతి ముడుచుకునేదానివిగా."

వద్దు అనాల్సింది. నోటి దాకా వచ్చింది కూడా. కానీ నేను అడిగిందేమిటో తెలుసా? "అక్షరాలు ఎంత పెద్దవి?" అని.

రోసా పేరున్న ముక్క నా చేత్తోనే కోశాను. నా పేరున్న ముక్క నేనే అంటించాను. తెర మీద అది ఆరు క్షణాలు నిలిచింది. హాల్లో చప్పట్లు. మీ అమ్మ పుట్టిన రోజున కూడా నాకంత సంతోషం కలగలేదు సిగ్నె. ఇన్నేళ్లుగా నన్ను తినేస్తున్నది ఆ సంతోషమే.

యుద్ధం అయిపోయాక రోసా తిరిగొచ్చింది. మా వంటింట్లో కూర్చుని, "సినిమా చూశాను. లిండెగోర్ గారు బలవంతం చేశారా?" అని అడిగింది. నేను అవునన్నట్టు తలూపాను. ఆమె నా చెయ్యి నిమిరి, "పోనీలే, నువ్వేం చేస్తావు" అంది. ఆ తర్వాత ఎవరూ ఆమెకు కథ రాసే పని ఇవ్వలేదు. టోపీల కొట్లో అమ్మకాలు చేస్తూనే కన్నుమూసింది. మీ తాతయ్య మీద చెప్పడానికి నా దగ్గర చాలా ఉన్నాయి. ఈ ఒక్కటి మాత్రం నాది.

రేపు వాళ్లకు నేనే చెబుతాను. నోరు పెగలకపోతే నువ్వు చెప్పు. నేను పోయాక కూడా ఆ బొమ్మ ఎక్కడ వేసినా వెళ్లు తల్లీ. నా పేరు పడగానే లేచి నిలబడు, వెనకవాళ్లు తిట్టినా సరే. ఇది రోసా లెవిసోన్ రాసిందని చెప్పు. మా అమ్మమ్మను ఎవరూ బలవంతం చేయలేదని కూడా చెప్పు.