జానెడు మోకు

మూడో రాయికే కాంతమ్మ భుజం వాచింది. ఎండ నడినెత్తికొచ్చేలోగా ఇంకా పదకొండు రాళ్లు రోడ్డు మీది బండికి చేర్చాలి. మాచర్ల పక్కన ఆ రాతిగనిలో ఆడవాళ్లకు జోడుగానే పని. వెదురుబొంగు మధ్యలో నాపరాయిని మోకుతో వేలాడగట్టి, ముందొకరు వెనకొకరు మోయాలి. జోడుకు రోజుకు పన్నెండణాలు. జోడు లేని మనిషికి పని లేదు.

కాంతమ్మ ముందు, అత్త ఆదెమ్మ వెనక. కాంతమ్మ మొగుడు ఐజాక్ పటాలానికి పోయి నాలుగు నెలలైంది. కాంతమ్మకు ఇప్పుడు ఆరో నెల.

రాయి దించి తిరిగి చూస్తే మోకు మధ్యలో లేదు. జానెడు తన వైపుకు జరిగి ఉంది. మోకు ఎటు జరిగితే బరువు ఆ భుజం మీదే. వెనకున్న మనిషి తోస్తే తప్ప అది జరగదు.

"ఏందత్తా ఇది? కడుపుతో ఉన్నదాని మీదికా తోసేది?"

ఆదెమ్మ మొహం తిప్పుకుంది. "కాళ్లు ఆగట్లేదే. నేను తూలడం మేస్త్రి కంటబడితే తీసేస్తాడు. అప్పుడేం తింటావు?"

"కూతురన్నావే నన్ను! ఇక నేను ఎనక నిలబడతా."

పేదవాడి కోపం పెదవికి చేటు అంటారు. కాంతమ్మ కోపం మాత్రం అత్త మోకాళ్లకు చేటైంది. నాలుగో రాయి ఎత్తగానే ఆమె మోకును జానెడు ముందుకు తోసింది. ముసలి కాళ్లు వణకడం కళ్లారా చూసింది. చూసి కూడా వెనక్కి లాగలేదు. పది అడుగుల్లో ఆదెమ్మ బోర్లా పడింది. రాయి రెండు ముక్కలైంది.

మేస్త్రి నరసింహారావు పరుగున వచ్చేలోపు ఆదెమ్మ పడినచోటి నుంచే చెయ్యి చాచి, మోకును బొంగు మధ్యకు జరిపింది.

"మోకు తోసిందెవతే?" మేస్త్రి ముక్కల్ని చూస్తూ అరిచాడు. నెత్తురోడుతున్న మోకాళ్ల వైపు చూడలేదు.

"ఎవురూ తొయ్యలేదయ్యా. నడిమినే ఉంది, చూడు. నా కాళ్లే చచ్చినయ్."

"అయితే రేపట్నించి రామాక." మేస్త్రి, నీళ్లు మోసే ఆరోగ్యమ్మను కేకేశాడు. "ఒసేయ్, నువ్వు దీనికి జోడు. ఎత్తండి."

అత్తను లేపాలని కాంతమ్మ వంగింది.

"పోవే," అంది ఆదెమ్మ. "ఇద్దరం కూర్చుంటే ఎట్టా?"

కాంతమ్మ సిగ్గుతో చచ్చిపోయింది. బొంగు ముందు కొస కింద భుజం పెట్టింది. వెనక ఆరోగ్యమ్మ ఎత్తింది.

పది అడుగులు వేశాక కాంతమ్మ భుజం మీద బరువు పెరిగింది. ఆమె వెనక్కి తిరిగి చూడలేదు.